రోహిణి కార్తెలో తీగ

కాశీబుగ్గలో జీడి బట్టీ వెనక గోడకి
మీటరు ఉండేది, చెక్క పెట్టెలో, తాళం వేసి.
మీటరుకి ముందే ఒక తీగ పక్కకి తప్పుకునేది
బడి ఎగ్గొట్టిన గుంటడిలా,
గోడ పగుల్లోంచి దూరి
నేరుగా పప్పు ఆరబెట్టే డ్రయ్యరులోకి.

పట్టుకున్నది నేనే. లైన్‌మేన్‌ని.
నిచ్చెన నాది, కటింగ్ ప్లయరు నాది,
పంచనామా కింద రెండో సంతకం నాది.
నోటుబుక్కులో రాసుకున్నాను:
మే ఇరవై తొమ్మిది, మధ్యాహ్నం మూడు,
సనపల అసిరయ్య, అయిదు హార్స్‌పవర్.
పేజీ మీద నా వేలి నుంచి జీడిచమురు మరక.

పన్నెండు రోజులు.
తొంభై మూడేళ్ళ ముసలి చట్టం
ఒక తెల్లవారి నుంచి లేదు.
కొత్తది వచ్చింది, పళ్ళు గట్టివి,
దొంగ కరెంటుకి కొత్త లెక్క, కొత్త కోర్టు.
మా ఆఫీసు గోడకి ఒక కాగితం అంటించారు,
ఫ్యాను గాలికి రెపరెపలాడేది.
స్తంభాలకి మాత్రం ఎవరూ చెప్పలేదు.
తీగల్లో అదే కరెంటు, అదే తొందర.

కేసు రాసిన నాడు ఏఈ గారు కొత్త సెక్షన్ వేశారు.
"కాయితం ఇవాల్టిది, సెక్షనూ ఇవాల్టిదే" అన్నారు.

మూడేళ్ళకి శ్రీకాకుళంలో వాయిదా.
అసిరయ్య లాయరు, మోచేతి దగ్గర కుట్టేసిన నల్లకోటు,
"చచ్చిన చట్టం పేరున శిక్ష వేయలేరు,
అప్పటికి పుట్టని చట్టం పేరునా వేయలేరు.
మా వాడు ఎక్కడ నిలబడాలి?" అన్నాడు.
పీపీ గారు నవ్వలేదు.
"తాత పోతే తాత చేసిన బాకీ పోతుందా?"

రెండూ రాసుకుని జడ్జిగారు
నేరుగా అసిరయ్యనే అడిగారు, ఏ తేదీ?
అతను పైకప్పు కేసి చూశాడు
అక్కడ క్యాలెండరు ఉన్నట్టు.
"రోహిణి కార్తె బాబూ. రోళ్ళు పగిలిపోయీ ఎండ.
మిరుగు ఇంకా రానేదు."
టైపు ఆగింది.
కార్తెని ఇంగ్లీషులో ఏమంటారో
ఆ హాల్లో ఎవరికీ తెలియలేదు.
చివరికి స్టెనో "మే నెల" అని కొట్టింది.

అప్పుడు నన్ను బోనెక్కించారు.
నోటుబుక్కు చూపించాను.
"కట్ చేశాక మళ్ళీ ఎప్పుడైనా అక్కడ తీగ చూశావా?"

మిరుగు మొదటి వాన.
జూన్ పదిహేను కావచ్చు, పదహారు కావచ్చు.
ఫ్యూజు పోయిందంటే వెళ్తూ సైకిలు దిగాను.
బట్టీలో బల్బు. ఒకటే.
గోడ పగులు దగ్గర తీగ, కొత్తది, ఎర్రది.
లోపల తొమ్మండుగురు ఆడవాళ్ళు,
వేళ్ళకి బూడిద రాసుకుని పప్పు ఒలుస్తున్నారు.
మూడో పీట మీద మా దాలమ్మ.
కిలోకి ఇంత అని కూలి. గుడ్డి వెలుగులో
గుండు బద్దయితే అందులోంచి కోత.
పలుకుని కంటికి ఆనించుకుని చూస్తోంది.

ప్లయరు నా జేబులోనే ఉంది.
చొక్కా తడిసింది. సైకిలెక్కాను.

"లేదండి" అన్నాను.

జడ్జిగారు తీర్పు చదివారు:
చట్టం మారితే తప్పు చెరిగిపోదు.
అయితే చేసిన నాటి కొరడాతోనే కొట్టాలి,
ఆ తర్వాత పేనినదానితో కాదు.
పాత లెక్కన జరిమానా.
అసిరయ్య రొండిలోంచి సంచి తీసి
వేలు తడి చేసుకుంటూ నోట్లు లెక్కపెట్టాడు.
నా కేసి చూడలేదు. చూసి ఉంటే బాగుండేది.

ఇంటికొచ్చేసరికి దాలమ్మ
"ఏటయింది?" అంది.
"పాత చట్టమే" అన్నాను.
ఇంకేమీ అడగలేదు, గోళ్ళ సందుల్లో నలుపు
సున్నంతో రుద్దుకుంటూ కూర్చుంది.

ఆ ఎర్ర తీగ ఏ చట్టం కిందికి వస్తుందో నాకు తెలుసు.
నేను దేని కిందికి వస్తానో
ఎవరినీ అడగలేదు.

రిటైరైన రోజు ప్లయరు అప్పగించి సంతకం పెట్టాను.
నోటుబుక్కు ఇవ్వలేదు.
అందులో జూన్ పదిహేను ఖాళీగానే ఉంది.
మే నెల మరక మాత్రం
ఒక్కో కాగితమే దిగుతూ దిగుతూ
అక్కడి దాకా వచ్చింది.